ఫ్రేములో వున్నాం, పేర్లలో లేం: పాత ఫుటేజ్, కులం, హక్కు

“పల్లె షాట్లు 20 సెకన్లు. డప్పు కొట్టేవాళ్లు 10 సెకన్లు. శవాలు, ఏడుస్తున్న ఆడవాళ్లు 15 సెకన్లు. అంబేడ్కర్ 5 సెకన్లు చాలు.”

కొన్నేళ్ల కిందట మా చేతికొచ్చిన ఒక కాగితం మీది జాబితా యిది. ఒక టెలివిజన్ కార్యక్రమానికి పాత ఫుటేజ్ వెతికిపెట్టమని పిలిచారు. పరిశోధక విద్యార్థులం, ఫెలోషిప్ డబ్బులు ఆలస్యమయ్యే రోజులు, ఒప్పుకున్నాం. ఆ కంపెనీ పేరు యిక్కడ అనవసరం. ఎందుకంటే ఆ తర్వాత మేము పనిచేసిన మరో రెండు చోట్ల కూడా జాబితా దాదాపు యిలాగే వుంది. దళితుల చరిత్రను తెరమీద చూపించాలంటే కావలసినవి ఏమిటో అందరికీ ముందే తెలుసు: వాడ, డప్పు, శవం, అయిదు సెకన్ల బాబాసాహెబ్.

మా యింట్లో విశ్వవిద్యాలయం గడప తొక్కింది మేమే మొదలు. మా తాతకు ఒక్క ఫొటో లేదు. మా నాయనమ్మకు వున్న ఒకే ఒక్క బొమ్మ ఓటరు కార్డు మీదిది. అందులో ఆమె ఆమెలాగే లేదు. అలాంటి యింటినుంచి వచ్చినవాళ్లం సినిమా భాండాగారాల్లో కూర్చుని యితరుల తాతల బొమ్మలు గంటల తరబడి చూశాం. అప్పుడు మాకు తట్టిన ప్రశ్న చాలా చిన్నది. కదిలే బొమ్మ యీ దేశానికొచ్చి 125 ఏళ్లు దాటింది. యిన్నేళ్లలో కెమెరా ఎవరివైపు తిరిగింది? తిరిగినప్పుడు తీసినదాన్ని ఎవరు దాచారు? దాచినదాని మీద ఏమని రాసిపెట్టారు? యీ వ్యాసం ఆ మూడు ప్రశ్నల చుట్టూ తిరుగుతుంది.

ఫుటేజ్ వెతకడమంటే ఏం పని

చాలామంది మిత్రులు “ఏముంది, అడిగితే యిస్తారు కదా” అంటారు. అంత సుళువు కాదు. డాక్యుమెంటరీలోనో, సినిమాలోనో, వార్తా కథనంలోనో మనం చూసే పాత నలుపు తెలుపు ముక్క వెనక ఒక మనిషి వారాల తరబడి చేసిన వెతుకులాట వుంటుంది. ముందు క్యాటలాగు చూడాలి. క్యాటలాగులో రీలు పేరు, తేదీ, పొడవు, రెండు మూడు వాక్యాల వివరణ వుంటాయి. అదృష్టముంటే షాట్ లిస్టు కూడా వుంటుంది. ఏ షాటులో ఏముంది, ఎవరున్నారు అన్నది వరసగా రాసిన పట్టిక అది. దాన్నిబట్టి చూసుకోడానికి ఒక ప్రతి అడుగుతాం. బొమ్మ మీద టైమ్‌కోడ్ అంకెలు, సంస్థ ముద్ర వేసిన ప్రతి యిస్తారు. అందులో మనకు కావలసిన సెకన్లు గుర్తుపెట్టుకుని, తర్వాత ధర మాట్లాడుకోవాలి. ఎన్ని సెకన్లు, ఏయే దేశాల్లో చూపిస్తారు, ఎన్నేళ్లు, టీవీకా, థియేటరుకా, ఇంటర్నెట్‌కా అన్నదాన్నిబట్టి ధర మారుతుంది. డబ్బు కట్టి కాగితం మీద సంతకం పెట్టాకే శుభ్రమైన ప్రతి చేతికొస్తుంది.

యిందులో అసలు కీలకం ఎక్కడుంది? క్యాటలాగులో వుంది. గోదాములో వేల రీళ్లున్నా, మనిషి వెతికేది రీళ్లను కాదు, మాటలను. మాట లేనిచోట బొమ్మ లేనట్టే లెక్క. 35 ఎం.ఎం. రీలు వెయ్యి అడుగులుంటే పదకొండు నిమిషాలు నడుస్తుంది. ఆ పదకొండు నిమిషాల్లో వందమంది ముఖాలు కనిపిస్తాయి. షాట్ లిస్టు రాసిన గుమాస్తాకు అందులో ఎవరు మనుషులుగా తోస్తే వాళ్ల పేర్లు కాగితం మీదికెక్కుతాయి. మిగిలినవాళ్లు “గ్రామస్థులు”, “కూలీలు”, “జనసమూహం”. యిది చిన్న గుమాస్తా పని అనుకుంటాం గానీ, చరిత్రలో ఎవరు వెతికితే దొరుకుతారు, ఎవరు దొరకరు అని తేల్చేది ఆ పనే.

వలస కాలపు ఫుటేజ్ చూసినప్పుడు యిది మరీ కొట్టొచ్చినట్టు కనబడుతుంది. 1911 ఢిల్లీ దర్బారును కినిమాకలర్ పద్ధతిలో రంగుల్లో తీసి లండన్ థియేటర్లలో ఆడించారు. ఏ రాజు ఏ వరసలో నడిచాడో యివాళ్టికీ చెప్పొచ్చు. దానికి ఆరేళ్ల తర్వాత, 1917లో బెజవాడలో భాగ్యరెడ్డివర్మ అధ్యక్షతన జరిగిన సభ “మేము పంచములం కాదు, ఆది ఆంధ్రులం” అని ప్రకటించింది. తెలుగు నేల మీద అంతకంటే పెద్ద మాట ఆ దశాబ్దంలో ఎవరన్నారు? ఆ సభకు కెమెరా వచ్చిన జాడ మాకు ఎక్కడా దొరకలేదు. కెమెరాలు లేక కాదు. మద్రాసులో రఘుపతి వెంకయ్య అప్పటికే బొమ్మలాడిస్తున్నాడు. కెమెరా వుంది, అది నడిచే దారి వేరు.

గాంధీ రీళ్లు, అంబేడ్కర్ రీళ్లు

యీ దారి తేడా అర్థం కావాలంటే రెండు కథలు పక్కపక్కన పెట్టి చూడాలి. రెండూ మన దక్షిణాది, పడమటి ప్రాంతాల కథలే.

మొదటిది ఎ.కె. చెట్టియార్ కథ. తమిళనాడు చెట్టినాడు ప్రాంతంవాడు. టోక్యోలో, న్యూయార్క్‌లో ఫొటోగ్రఫీ చదువుకున్నాడు. 1937 అక్టోబర్ 2న అమెరికా నుంచి ఐర్లండు వెళ్లే ఓడలో వుండగా గాంధీ మీద సినిమా తీయాలన్న ఆలోచన వచ్చిందని ఆయనే రాసుకున్నాడు. కొత్తగా తీయడంకన్నా అంతకు ముందే ప్రపంచంలో ఎవరెవరో తీసిన గాంధీ ముక్కలన్నీ వెతికి ఒకచోట చేర్చడం ఆయన పథకం. దాదాపు లక్ష మైళ్లు తిరిగాడు. ముప్ఫయ్యేళ్లలో వందమందిదాకా కెమెరామన్లు తీసిన 50,000 అడుగుల ఫిల్ము పోగుచేశాడు. అంటే సుమారు తొమ్మిది గంటల బొమ్మ. 1940లో తమిళంలో విడుదలైంది, తెలుగు వ్యాఖ్యానంతోనూ వచ్చింది. మన దేశంలో పాత ఫుటేజ్ వెతికి తీసిన పెద్ద సినిమాల్లో యిది తొలినాటిది. చెట్టియార్ శ్రమను మేము తక్కువ చెయ్యం. ఆ పని చేసినవాళ్లం గనక దాని కష్టం మాకు తెలుసు. తెల్లదొరల ఆఫీసుల్లో మెట్లెక్కి దిగి, రీలు వెనక రీలు చూసి, అడుగుల లెక్కన కొనడం మాటలు కాదు.

కానీ చెట్టియార్ వెతికితే దొరికింది ఎందుకు? అంతకుముందు ఎవరో తీసి వుంచారు గనక. గాంధీ ఎక్కడికెళ్తే అక్కడికి పాథే, మూవీటోన్, ఫాక్స్ వంటి న్యూస్‌రీల్ కంపెనీల కెమెరాలు వెళ్లాయి. డబ్బున్న అభిమానులు సొంత కెమెరాలతో తీశారు. స్వాతంత్ర్యం వచ్చాక గాంధీ పేరున సంస్థలు, నిధులు ఏర్పడ్డాయి. 1968లో విఠల్‌భాయ్ ఝవేరీ అయిదు గంటలు దాటిన డాక్యుమెంటరీ తయారుచేశాడు. యిన్ని వున్నా చెట్టియార్ సినిమా మొదటి తమిళ ప్రతి కనబడకుండా పోయింది. అమెరికాలో కుదించి తయారుచేసిన ఇంగ్లిష్ ప్రతిని చరిత్రకారుడు ఎ.ఆర్. వెంకటాచలపతి అక్కడి ఒక విశ్వవిద్యాలయంలో వెతికి పట్టుకునేదాకా ఆ సినిమా జ్ఞాపకంగానే మిగిలింది. అందరి అండా వున్న గాంధీ సినిమాకే యిట్లా అయితే, అండలేనివాళ్ల సంగతి చెప్పేదేముంది?

రెండో కథ నామ్‌దేవ్ వ్హట్కర్‌ది. మరాఠీ రచయిత, సినిమా మనిషి. 1956 డిసెంబర్ 6న బాబాసాహెబ్ ఢిల్లీలో కన్నుమూశారు. ఆ రాత్రి విమానంలో భౌతికకాయం బొంబాయి చేరింది. 7న దాదర్‌లోని రాజగృహ నుంచి చౌపాటీ దాకా లక్షలమంది నడిచారు. స్వతంత్ర భారత తొలి న్యాయశాఖ మంత్రి, రాజ్యాంగ ముసాయిదా సంఘం అధ్యక్షుడు, అంతకు రెండునెలల ముందు నాగపూర్‌లో లక్షలమందితో బౌద్ధం స్వీకరించిన నాయకుడు. దేశంలోకెల్లా పెద్ద సినిమా నగరం బొంబాయి. ఫిల్మ్స్ డివిజన్ ఆఫీసు కూడా ఆ వూళ్లోనే. అయినా ఆ అంతిమయాత్రను తీయడానికి వ్హట్కర్ ఎవరికోసమూ ఎదురుచూడలేదు. సొంతంగా డబ్బు సర్దుకుని, కెమెరా, రీళ్లు సంపాదించి తీశాడు. యివాళ డిసెంబర్ 6 వచ్చిందంటే మనం కళ్లనీళ్లతో చూసే ఆ జనసముద్రం మనదాకా రావడం వెనక ఆ ఒక్క మనిషి పట్టుదల వుంది. దశాబ్దాలపాటు ఆ బొమ్మ అందరికీ తెలిసింది, తీసినవాడి పేరు తెలిసింది కొద్దిమందికే.

యిద్దరినీ పోల్చి చూడండి. చెట్టియార్ ముందు ప్రపంచం తీసిపెట్టిన రీళ్లున్నాయి, ఆయన వాటిని పోగుచేశాడు. వ్హట్కర్ ముందు ఏమీ లేదు, ఆ రోజు తీయకపోతే రేపు వెతకడానికేమీ వుండదని అతనికి తెలుసు. సవర్ణ చరిత్రకు ఫుటేజ్ వెతికేవాళ్లు కావాలి. మన చరిత్రకు ముందు తీసేవాళ్లు, ఆపైన దాచేవాళ్లు, ఆ తర్వాతే వెతికేవాళ్లు కావలసొచ్చింది. యీ మూడు మెట్లూ మనమే ఎక్కాలి.

బొమ్మ లేకపోవడం అంతటితో ఆగదు. ఉన్న ఫుటేజే రేపటి కథా సినిమాకు ఆధారమవుతుంది. 1982లో రిచర్డ్ అటెన్‌బరో ‘గాంధీ’ సినిమా తీశాడు. మన ప్రభుత్వ సంస్థ డబ్బు కూడా అందులో వుంది. దండి, దక్షిణాఫ్రికా అన్నీ వున్న ఆ సినిమాలో అంబేడ్కర్ లేడు, 1932 పూనా ఒప్పందం లేదు. కెమెరా చూడనిదాన్ని క్యాటలాగు రాయలేదు, క్యాటలాగులో లేనిదాన్ని సినిమా పట్టించుకోలేదు. చివరికి ప్రేక్షకుడు “అలాంటిదేం జరగలేదు” అనుకుంటాడు. చరిత్ర మీద కుట్ర అంటే ఎవరో గదిలో కూర్చుని పన్నేదనుకుంటాం. అదేమీ అక్కర్లేదు. ఎవరి పని వాళ్లు మామూలుగా చేసుకుపోతే చాలు.

రాజ్యం కెమెరా, మూగ జనం

బ్రిటిష్ ప్రభుత్వం యుద్ధ ప్రచారం కోసం 1943లో ఇండియన్ న్యూస్ పెరేడ్ పేరిట వార్తాచిత్రాలు మొదలుపెట్టి 1946లో మూసేసింది. 1948లో ఫిల్మ్స్ డివిజన్ ఏర్పడింది. దాని వారపు వార్తాచిత్రాన్ని, డాక్యుమెంటరీలను ప్రతి థియేటరూ అసలు సినిమాకు ముందు విధిగా వేయాలన్నది నియమం. టూరింగ్ టాకీసులో నేలటికెట్ మీద కూచున్న మా పెద్దవాళ్లు కూడా అవి చూశారు. “వార్తలయ్యేదాకా బీడీ కాల్చుకుని వచ్చేవాళ్లం” అని ఒక పెద్దాయన మాతో అన్నాడు. ఎందుకని అడిగితే, “అందులో మనోళ్లెవరుంటారు?” అన్నాడు.

ఆయన మాట సగమే నిజం. మనోళ్లున్నారు. ఆనకట్ట కట్టే షాటులో తట్ట మోసేది మనోళ్లే. మంత్రి పారతో మట్టి తీసిన షాటులో, పక్కకు జరిగి నిలబడిన ఆ నిజమైన కూలి మనోడే. గృహప్రవేశం, పట్టాల పంపిణీ, బట్టల పంపిణీ, చేతులు చాచి తీసుకునేది మనోళ్లే. అయితే యిచ్చేవాడి పేరు వ్యాఖ్యానంలో వుంటుంది, పుచ్చుకునేవాడికి పేరుండదు. పైగా ఆ వార్తాచిత్రాల్లో చాలాభాగం శబ్దం లేకుండా తీసి, తర్వాత బొంబాయిలో కూర్చుని వ్యాఖ్యానం, సంగీతం అతికినవి. తెర మీద నోరు కదులుతుంది, వినపడేది మాత్రం చదువుకున్న ఒక మగగొంతు. యిన్నేళ్లు మేము చూసిన రీళ్లలో దళిత మనిషి సొంతగొంతుతో ఒక పూర్తి వాక్యం పలికినవి వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు.

అందుకే 1955లో బాబాసాహెబ్ బీబీసీకి యిచ్చిన రేడియో ఇంటర్వ్యూకు అంత విలువ. అందులో బొమ్మ లేదు, గొంతే వుంది. ఆ గొంతు గాంధీ గురించి నిర్మొహమాటంగా మాట్లాడుతుంది. మన పల్లెల్లో కుర్రాళ్లు దాన్ని ఫోన్లలో పెట్టుకుని వింటారు. ఇంగ్లిష్ అర్థం కాకపోయినా వింటారు. విగ్రహాలుగా, ఫొటోలుగా మాత్రమే తెలిసిన మనిషి నిజంగా మాట్లాడాడన్న సంగతే వాళ్లకు పెద్ద వార్త.

రాజ్యం దాచినదంతా భద్రంగా వుందా అంటే అదీ లేదు. పాత నైట్రేట్ ఫిల్ము తేలిగ్గా అంటుకుంటుంది. ఆ తర్వాత వచ్చిన అసిటేట్ ఫిల్ము ఉక్కకు, తేమకు పులిసి వెనిగర్ వాసనతో ముడుచుకుపోతుంది. పూనాలో జాతీయ ఫిల్ము భాండాగారాన్ని 1964లో పెట్టారు. 2003 జనవరిలో అక్కడ ఫిల్ము యిన్‌స్టిట్యూట్ ఆవరణలోని గోదాములో అగ్నిప్రమాదం జరిగి వందలాది నైట్రేట్ సినిమాలు కాలిపోయాయి. 2022లో ఫిల్మ్స్ డివిజన్‌ను, జాతీయ ఫిల్ము భాండాగారాన్ని జాతీయ చలనచిత్రాభివృద్ధి సంస్థలో కలిపేశారు. ఆ సంస్థ కంపెనీ చట్టం కింద నడిచేది. ప్రజల డబ్బుతో తీసిన బొమ్మలు ప్రజలకు ఏ ధరకు, ఏ షరతుల మీద అందుతాయన్నది అప్పుడు చాలామంది సినిమావాళ్లు అడిగారు. యీ ప్రశ్న సినిమావాళ్లది మాత్రమే కాదు. తట్ట మోసిన కూలి మనవడిది కూడా.

కారంచేడు, చుండూరు: టేపుల కాలం

1977లో హైదరాబాద్ దూరదర్శన్ కేంద్రం మొదలైంది. 1995లో ప్రైవేటు తెలుగు ఛానళ్లు వచ్చేదాకా తెలుగులో టెలివిజన్ అంటే అదొక్కటే. మన ఉద్యమ చరిత్రలో రెండు పెద్ద గాయాలు యీ మధ్యకాలానివే. 1985 జూలై 17న నాటి ప్రకాశం జిల్లా కారంచేడులో ఆరుగురు మాదిగలను చంపారు. 1991 ఆగస్టు 6న నాటి గుంటూరు జిల్లా చుండూరులో ఎనిమిదిమంది దళితులను చంపి, గోనెసంచుల్లో కుక్కి కాలవలో పడేశారు. కారంచేడు బాధితులు చీరాల చేరి శిబిరం పెట్టారు, అక్కడినుంచే దళిత మహాసభ పుట్టింది. చుండూరువాళ్లు తమ శవాలను వూరి నడిబొడ్డున పూడ్చి ఆ నేలకు రక్తక్షేత్రమని పేరు పెట్టారు. ఊరు విడిచిపోవడం, సొంత నేల కట్టుకోవడం, శవాన్ని కూడా రాజకీయ ప్రకటన చేయడం. యివి మామూలు సంగతులు కావు. వీటిని తీసిన కదిలే బొమ్మలెన్ని?

వాటికోసం మేము తిరిగిన ఒక టెలివిజన్ ఆఫీసులో ఒక ఉద్యోగి కూచోబెట్టి టీ యిచ్చి నిజం చెప్పాడు: “బాబూ, అప్పట్లో టేపు ఖరీదు. యూమాటిక్ టేపు ఒకటి కొంటే దాని మీదే చెరిపి చెరిపి తీసేవాళ్లం. వార్త అయిపోయాక వార్తెందుకు?” ఆయన తప్పు పట్టడానికి కాదు యిది రాస్తున్నది. అయస్కాంతపు టేపును మళ్లీ వాడుకోవడం ఆ కాలంలో ప్రపంచమంతటా వుంది. అయితే చెరపడానికి ముందు ఏది వుంచాలో ఒకరు తేల్చుకుంటారు గదా. ఆ ఆఫీసు బీరువాలో త్యాగరాజ ఆరాధనోత్సవాలు సంవత్సరాలవారీగా అట్టపెట్టెల్లో వరసగా వున్నాయి. మేమేమీ అనలేదు. టీ తాగి వచ్చేశాం.

బీరువాల్లో దొరకనిది ఒకసారి పెళ్లిళ్ల వీడియో తీసే మనిషి అటక మీద దొరికింది. కోస్తాలో ఒక చిన్న పట్నం. ఆయన 1990ల్లో వీహెచ్ఎస్ కెమెరాతో పెళ్లిళ్లు, పుష్పవతి ఫంక్షన్లు తీసేవాడు. మాలపల్లెవాడే. తొంభయిల తొలినాళ్లలో తమ పక్క వూళ్లో జరిగిన ఒక సంస్మరణ సభను డబ్బు తీసుకోకుండా తీశాడట. టేపు మీద తెల్లటి బూజు పట్టింది. ఆడించడానికి యంత్రం లేదు. ప్రపంచంలో వీసీఆర్ తయారుచేసే ఆఖరి కంపెనీ 2016లో ఆ పని మానేసింది. పాత సామాన్ల బజారులో ఒకటి కొని, బాగుచేయించి, టేపును చేత్తో మెల్లగా తుడిచి ఆడిస్తే నలభై నిమిషాలు వచ్చింది. మధ్యమధ్య గీతలు. కానీ గొంతులున్నాయి. ఒకాయన లేచి పదినిమిషాలు మాట్లాడతాడు. పుస్తకాల మాటలు కావు. చెరువులో నీళ్లు, కూలి రేటు, పోలీసు స్టేషను, పిల్లల చదువు.

ఆ ముక్కను ల్యాప్‌టాప్‌లో పెట్టుకుని ఆ పల్లెకు వెళ్లాం. మాట్లాడినాయన చనిపోయి చాలాకాలమైంది. ఆయన భార్య వుంది. చూపు సరిగా ఆనదు. దగ్గరికి జరిగి వింటూ కూచుంది. అయిపోయాక, “ఇంకోసారి పెట్టు అయ్యా. ముసలాయన గొంతు నాకు మతికి లేకుండా పోయింది” అంది. నాలుగుసార్లు పెట్టాం. నాలుగోసారికి పల్లె సగం అక్కడే వుంది. ఒక్కొక్కరూ ఫ్రేములో వున్నవాళ్ల పేర్లు చెప్పడం మొదలెట్టారు. మూల నిలబడ్డ పిల్ల ఎవరో, డప్పు భుజానికేసుకున్నది ఎవరి తమ్ముడో, వెనక చెట్టు ఎప్పుడు కొట్టేశారో. మేము కాగితం తీసి రాసుకున్నాం. తెల్లారేసరికి నలభై రెండు పేర్లు వచ్చాయి. మేము చూసిన షాట్ లిస్టులన్నిట్లో అంత మంచిది లేదు. ఏ భాండాగారమూ తయారుచేయలేని క్యాటలాగును ఒక పల్లె ఒక్క రాత్రిలో తయారుచేసింది.

ఎవరి బొమ్మ, ఎవరి హక్కు

ఆ ముక్క సంగతి తెలిసి ఒక ఛానలువాళ్లు అడిగారు. పదిహేను సెకన్లు చాలన్నారు. డబ్బు కూడా బాగానే చెప్పారు. మాకేమీ తోచక ఆ పెద్దమ్మనే అడిగాం. ఆమె అడిగింది ఒక్కటే: “పేరేత్తారా?” తెర మీద ఆయన పేరు వెయ్యాలి, వూరి పేరు వెయ్యాలి. ఛానలువాళ్లు అంత చోటు లేదన్నారు. “పేరెయ్యకపోతే యియ్యమాక” అంది ఆమె. యివ్వలేదు. నలుగురూ మమ్మల్ని పిచ్చోళ్లన్నారు, ప్రచారం పోగొట్టుకున్నారన్నారు. కావచ్చు. కానీ నూరేళ్లుగా మన బొమ్మ పేరు లేకుండానే తిరిగింది గదా. ఆమె అడిగినదాంట్లో మొత్తం చరిత్ర సమస్య వుందని మాకు తర్వాత తెలిసొచ్చింది.

చట్టం యీ ప్రశ్నను యిలా చూడదు. 1957 కాపీరైటు చట్టం ప్రకారం సినిమా మీద హక్కు నిర్మాతది. బొమ్మలో వున్నవాడిది కాదు. ఆ హక్కు సినిమా బయటికొచ్చిన ఏడాది ముగిశాక మరో అరవయ్యేళ్లు వుంటుంది. ప్రభుత్వం తీసిన సినిమాకూ అంతే. అంటే 1956లో థియేటర్లలో ఆడిన వార్తాచిత్రం మీద కాపీరైటు 2016 ఆఖరుతో తీరిపోయింది. 2017 జనవరి 1 నుంచి అది అందరిదీ. ఏటా జనవరి 1న యింకో ఏడాది బొమ్మలు అలా బయటికొస్తాయి. యీ సంగతి మన కార్యకర్తల్లో చాలామందికి తెలియదు. తెలిసినా అక్కడే వుంది తిరకాసు. హక్కు తీరినా రీలు గోదాములో వున్నవాడి చేతిలోనే వుంటుంది. శుభ్రమైన ప్రతి కావాలంటే అతను అడిగినంత కట్టాల్సిందే. హక్కు వేరు, అందుబాటు వేరు. వూరి చెరువు అందరిదని కాగితంలో వున్నంత మాత్రాన మనం నీళ్లు ముంచుకోగలిగామా? మహద్‌లో 1927లో బాబాసాహెబ్ నడిచి వెళ్లింది యీ తేడాను చెరపడానికే.

యింకొక కోణం కూడా వుంది, అది మనకే చేదుగా వుంటుంది. ఫుటేజ్ బజారులో ఎక్కువగా అడిగేది శవాలను. వార్తా సంస్థలు దాచిపెట్టేదీ ఎక్కువగా దాడి తర్వాతి దృశ్యాలనే. శిబిరంలో నెలల తరబడి వంట ఎలా చేసుకున్నారు, పిల్లలకు బడి ఎలా పెట్టారు, కోర్టుకు ఎలా తిరిగారు అన్నవి వార్త కావు గనక బొమ్మలు కాలేదు. దాంతో మన చరిత్ర తెరమీద చావుతో మొదలై చావుతో ముగుస్తుంది. మన సంఘాల వీడియోలు కూడా అవే శవాలను మళ్లీ మళ్లీ చూపిస్తున్నాయి. చనిపోయినవాళ్ల పిల్లలు వాటిని ఎట్లా చూడాలి? కోపం రావాలని చూపిస్తున్నామంటాం. కోపం అవసరమే. కానీ ఆ బొమ్మ ఎవరి తండ్రిదో వాళ్లను అడిగామా? అగ్రకుల ఛానలు అడగలేదని తిట్టే ముందు మనమూ అడగడం నేర్చుకోవాలి.

చెయ్యాల్సిన పనులు

యిదంతా విని నిట్టూర్చి పుస్తకం మూసేస్తే లాభం లేదు. దారి చూపిన పనులున్నాయి. 1997 జూలై 11న బొంబాయి రమాబాయి నగర్‌లో పోలీసు కాల్పుల్లో పదిమంది చనిపోయాక, ఆనంద్ పట్వర్ధన్ పద్నాలుగేళ్లు వెంటబడి తీసి 2011లో ‘జై భీమ్ కామ్రేడ్’ తెచ్చాడు. అందులో చావులున్నాయి, వాటికన్నా ఎక్కువగా పాటలున్నాయి, మాట్లాడే మనుషులున్నారు. 2016 జనవరిలో హైదరాబాద్ విశ్వవిద్యాలయంలో రోహిత్ వేముల మరణం తర్వాత నడిచిన ఉద్యమం మీద దీపా ధన్‌రాజ్ 2018లో సినిమా తీసింది. ఆ ఉద్యమాన్ని విద్యార్థులే వందల ఫోన్లలో తీశారు. ఆ ఫోన్లెక్కడ? కొన్ని పాడైపోయాయి, కొన్ని అమ్మేశారు. పదేళ్లలో ఫోను మన యూమాటిక్ టేపైంది. యీసారి చెరిపింది ఏ ఆఫీసూ కాదు, మనమే.

అందుకని కొన్ని మాటలు మిత్రుల ముందు పెడుతున్నాం.

ఒకటి. ప్రతి జిల్లాలో పాత ఫొటో స్టూడియోలు, పెళ్లి వీడియోలు తీసినవాళ్లు వున్నారు. వాళ్లలో చాలామంది అరవై దాటినవాళ్లు. వాళ్ల అటకలు వెతకాలి. టేపు దొరికితే మొదట ఆడించకూడదు, బూజు వుంటే యంత్రంలో తెగుతుంది. తుడిచి, ఒక్కసారి ఆడిస్తూనే డిజిటల్‌గా ఎక్కించుకోవాలి. కనీసం రెండుచోట్ల, వేర్వేరు వూళ్లలో ప్రతులుంచాలి.

రెండు. బొమ్మకన్నా ముందు పేర్లు రాయాలి. తేదీ, వూరు, ఎవరు తీశారు, ఎవరున్నారు. రాసేది పల్లెవాళ్లతో కూర్చుని రాయాలి. తీసినవాడి పేరు మరవకూడదు. వ్హట్కర్ విషయంలో జరిగింది మళ్లీ జరగకూడదు.

మూడు. ప్రభుత్వం దగ్గరున్నదాన్ని సమాచార హక్కు చట్టం కింద అడగొచ్చు. ఏయే రీళ్లున్నాయి, ఏవి పాడయ్యాయి, ఏవి చెరిపేశారు అని అడగడం కూడా చరిత్ర పనే. “లేదు” అన్న జవాబు కాగితం మీద వస్తే అది కూడా ఒక ఆధారం.

నాలుగు. అత్యాచారాల నిరోధక చట్టానికి 2015లో చేసిన సవరణ 2016 జనవరి 26 నుంచి అమల్లోకొచ్చింది. అందులో 15ఎ సెక్షన్ పదో ఉపవిభాగం, యీ చట్టం కింద నేరాలకు సంబంధించిన విచారణలన్నీ వీడియో తీయాలని చెబుతుంది. చుండూరు కేసులో 2007లో ప్రత్యేక కోర్టు 21 మందికి యావజ్జీవం వేసింది. 2014లో హైకోర్టు నేరం నిరూపణ కాలేదంటూ అందరినీ వదిలేసింది. ప్రాణాలకు తెగించి వూరివాళ్లు చెప్పిన సాక్ష్యం అచ్చు కాగితాల్లో వుంది, ఆ గొంతు, ఆ తడబాటు, ఆ ధైర్యం ఎక్కడా లేవు. యికమీదటైనా ప్రతి కేసులో వీడియో తీయమని అడగాలి. తీస్తే ఎక్కడ దాస్తున్నారో అడగాలి. అమలైతే యీ దేశంలో దళితుల గొంతులకు అంతకు మించిన భాండాగారం వుండదు. కానీ అడిగేవాళ్లు లేకపోతే ఆ అక్షరం చట్టంలోనే నిద్రపోతుంది.

అయిదు. మన దగ్గరున్న బొమ్మను బయటికిచ్చేముందు అందులోని మనుషులను, వాళ్లు లేకపోతే వాళ్ల కుటుంబాన్ని అడగాలి. కాగితం మీద మూడు షరతులు రాయించుకోవాలి: పేరు వెయ్యాలి, వూరు వెయ్యాలి, కోసి వేరే అర్థం వచ్చేట్టు వాడకూడదు.

ఆ జాబితా కాగితం యింకా మా దగ్గర వుంది. “అంబేడ్కర్ 5 సెకన్లు చాలు.” దానికి జవాబుగా ఆ పల్లెలో రాసుకున్న నలభై రెండు పేర్ల కాగితాన్ని దాని పక్కనే పెట్టుకున్నాం. ఒకదాంట్లో సెకన్లున్నాయి, యింకోదాంట్లో మనుషులున్నారు. పోయిన ఏడాది ఆ పెద్దమ్మ కూడా పోయింది. నలభై నిమిషాల ఆ ముక్కలో ఒకచోట, సభలో మూడో వరసలో, చంటిపిల్లను ఒళ్లో పెట్టుకుని ఆమె కూచుని వుంది. ఆమె పేరు జాబితాలో రెండోది. మొదటిది ఆమె భర్తది, ఆమే చెప్పి రాయించింది.